జాతీయ లోక్ అదాలత్‌లో మా బోది నీళ్ళ కేసు: వాడుకున్న మనిషి సమీక్ష

ఫోను కొన్నా మిక్సీ కొన్నా పదిమంది రాసింది చదివి కొంటున్నాం. కోర్టులో ఉన్న కేసు రాజీ చేసుకునేటప్పుడు మాత్రం ప్లీడరు గుమాస్తా చెప్పిందీ, కాలవ గట్టు మీద విన్నదీ తప్ప ఇంకో ఆధారం ఉండదు. అందుకే, కోర్టుల్లో ఉన్న కేసుల్ని ఇరుపక్షాల రాజీతో ముగించే జాతీయ లోక్ అదాలత్ గురించి, అందులోనూ కొట్లాట కేసుల రాజీ గురించి, చూసింది చూసినట్టు రాస్తున్నా. చెక్ బౌన్సులు, రోడ్డు ప్రమాదాల నష్టపరిహారం కేసులు కూడా అక్కడే తేలతాయి. వాటి జోలికి పోను.

ముందే నా మాట చెప్పేస్తా. ఒకే ఊళ్ళో, ఒకే బోది (పొలాలకి నీళ్ళు పారే పిల్లకాలవ) కింద, రేపు పొద్దున కూడా మొహాలు చూసుకోవాల్సిన మనుషుల మధ్య కేసు అయితే ఇంతకన్నా మంచి దారి నాకు కనపడలేదు. ఐదుకి నాలుగు మార్కులు ఇస్తా. ఆ ఒక్క మార్కు ఎందుకు తగ్గించానో కూడా వివరంగా చెప్తా. అది చిన్న సంగతి కాదు.

మాది పల్నాడులో సాగర్ కుడికాలవ కింద చివరి ఆయకట్టు ఊరు. నేను అంగన్‌వాడీ టీచర్ని. మా నాన్న, మా బాబాయి పెదనాన్న చిన్నాన్న బిడ్డలు. ఇద్దరి మిరప తోటలకీ ఒకటే పంటబోది. చివరి భూములకి నీళ్ళు వచ్చేదే నాలుగు రోజులు, అదీ రాత్రిపూట. ఆ ఏడు తోట కాపు మీద ఉండగా నీళ్ళొచ్చాయి. వంతు ఎవరిదన్న దాని మీద మాటా మాటా పెరిగింది. మడవ (పొలంలోకి నీళ్ళు మళ్ళించే గండి) దగ్గర అడ్డం నిలబడ్డ పిన్నిని మా నాన్న తోశాడు. ఆమె చెయ్యి కింద పెట్టి పడింది, మణికట్టు వాచిపోయింది. అది చూసిన బాబాయి కొడుకు పార తిప్పాడు. అంచు తగిలి మా తమ్ముడి తలకి కుట్లు పడ్డాయి.

రెండు కుటుంబాలూ ప్రభుత్వాసుపత్రికి పోయి గాయాల సర్టిఫికెట్లు తెచ్చుకున్నాయి. స్టేషన్లో కేసూ కౌంటరూ రెండూ కట్టారు. పిన్ని ఇచ్చిన ఫిర్యాదు మీద మా నాన్నకీ తమ్ముడికీ అప్పటి నేరాల చట్టం ఐపీసీ కింద 323, 341, 506 సెక్షన్లు. తమ్ముడు ఇచ్చిన దాని మీద బాబాయి కొడుక్కి 324. ఈ నెంబర్లు గుర్తుంచుకోండి. తర్వాత కథంతా వీటి మీదే నడుస్తుంది.

ఛార్జిషీటు పడ్డాక వాయిదాలు మొదలయ్యాయి. మిరప కోతలప్పుడు కూలీలని తోటలో వదిలి కోర్టుకి పోవడం, సాక్షి రాలేదనో, మెజిస్ట్రేటు గారు సెలవనో ఇంకో తేదీ వేయించుకుని రావడం. ఒకే బస్సులో రెండు కుటుంబాలూ, ముందు సీట్లలో వాళ్ళు, వెనక సీట్లలో మేము. రెండో ఏడు వచ్చేసరికి కోపాలు చల్లబడ్డాయి, కేసులు మాత్రం అట్టాగే ఉన్నాయి.

రాజీ అవుదామనుకున్నప్పుడు మాకు మొదట దొరికిన సలహా లోక్ అదాలత్ కాదు. ఓ గుమాస్తా చెప్పిన కిటుకు: "ఎందుకమ్మా ఇంత దూరం? మీ పిన్నిని బోనెక్కి చీకట్లో ఎవరు తోశారో చూళ్ళేదని చెప్పమనండి. మీ తమ్ముణ్ణి కాలు జారి పార మీద పడ్డానని చెప్పమనండి. రెండు కేసులూ కొట్టేస్తారు." ఊళ్ళల్లో చాలా కొట్లాట కేసులు ఇట్టాగే ముగుస్తాయి. బయట డబ్బులు మారతాయి, లోపల సాక్షి ఎదురు తిరుగుతాడు, ప్రభుత్వం తరఫు ప్లీడరు పీపీ గారు ఆ మాటే రాయించి నాలుగు ప్రశ్నలు అడిగి కూర్చుంటారు, ముద్దాయి విడుదల. ఖర్చు తక్కువ, పని తొందరగా అవుతుంది.

ఆ మాట పిన్నికి చేరింది. ఆమె ఒప్పుకోలేదు. "దేవుడి మీద ప్రమాణం చేసి నన్నెవరూ తొయ్యలేదని చెప్పాలా? నేను చెప్పను" అంది. మా నాన్న మీద పంతంతో అన్న మాట కాదది. అప్పటికి కేసు వదిలేద్దామనే ఆమె కూడా అనుకుంటోంది. జరిగిన దాన్ని జరగలేదనడం ఆమెకి ఇష్టం లేదు, అంతే. నాకు ఆమె మీద గౌరవం పెరిగింది ఆ రోజే. లోక్ అదాలత్ విలువ నాకు తెలిసింది కూడా ఆ మాటతోనే. అక్కడ రాజీ పడాలంటే ఏదీ అబద్ధం ఆడక్కర్లేదు. జరిగింది నిజమే, ఇంతటితో వదిలేస్తున్నా అని చెప్తే చాలు.

దీనికి చట్టంలో, అంటే క్రిమినల్ కేసులు ఎట్టా నడపాలో చెప్పే చట్టంలో, చోటుంది. సీఆర్‌పీసీలో 320వ సెక్షన్. 2024 జులై 1 నుంచి ఆ స్థానంలో వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్‌లో అది 359. ఏ నేరాలు రాజీ పడొచ్చో అందులో రెండు పట్టికలుంటాయి. మొదటి పట్టికలోవి బాధితులు ఒప్పుకుంటే చాలు. రెండో పట్టికలో వాటికి కోర్టు అనుమతి కూడా కావాలి. మామూలు దెబ్బలకి 323, దారికి అడ్డం పడితే 341, బెదిరింపుకి 506, ఇవన్నీ మొదటి పట్టికలోవే. రాజీ అయిందంటే ముద్దాయి నిర్దోషిగా విడుదలైనట్టే లెక్క.

ఆ పట్టికలో నాకు బాగా నచ్చింది మూడో గడి. ప్రతి నేరానికీ ఎదురుగా, రాజీ పడే హక్కు ఎవరిదో అందులో రాసి ఉంటుంది. దెబ్బ తగిలిన మనిషిది, అడ్డగించబడిన మనిషిది, బెదిరింపుకి గురైన మనిషిది. మొగుడిది కాదు, ఊరి పెద్దది కాదు, ఎస్సై గారిది కాదు. మా పిన్నికి తగిలిన దెబ్బని మాఫీ చేసే హక్కు ఈ లోకంలో పిన్ని ఒక్కదానికే ఉంది. ఇది తెలిసినవాళ్ళు మా ఊళ్ళో ఎంతమందో చెప్పలేను. పెద్దమనుషులు మాత్రం తెలిసినట్టు నడుచుకోలేదు. రామాలయం అరుగు మీద బాబాయినీ నాన్ననీ కూర్చోబెట్టి, మా నాన్న యాభై వేలు ఇచ్చేట్టు, బాబాయి రెండు కేసుల సంగతీ చూసుకునేట్టు తేల్చేశారు. ఆ మాట జరుగుతున్నంత సేపూ పిన్ని ఇంట్లో అన్నం వండుతోంది. ఆమెని ఎవరూ పిలవలేదు.

ఆ అరుగు మీద రాసుకున్న కాగితంతో కేసు పోదు, ఇది కూడా చెప్పాలి. పక్క ఊళ్ళో ఒకాయన పెద్దల దగ్గర సంతకాలు అయిపోయాయి కదా అని వాయిదాలకి పోవడం మానేశాడు. నాన్‌బెయిలబుల్ వారంటు వచ్చి, పండగ పూట కానిస్టేబుళ్ళు ఇంటికొచ్చారు. రాజీ ఎక్కడ కుదిరినా కోర్టు రికార్డులోకి ఎక్కేదాకా కేసు బతికే ఉంటుంది.

పిన్నికి తన తరఫున ఒక ప్లీడరు ఉండాలని నాకనిపించింది. మేం ముద్దాయిల తరఫు వాళ్ళం, ఆ పని మేం చెయ్యడం బాగుండదని నాన్న గొణిగాడు. నేను వినలేదు. 1987 నాటి న్యాయసేవాధికార సంస్థల చట్టం ప్రకారం ఆడవాళ్ళకి ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా ప్లీడర్ని ఇస్తారు. ఎస్సీ, ఎస్టీలకీ, పిల్లలకీ, వికలాంగులకీ కూడా అంతే. 15100కి ఫోన్ చేస్తే ఎక్కడికి పోవాలో చెప్తారు. పిన్ని కోర్టు ఆవరణలోనే ఉన్న మండల న్యాయసేవా కమిటీ గదిలో తెల్లకాగితం మీద అర్జీ పెట్టింది. కొత్తగా ప్రాక్టీసు మొదలుపెట్టిన ఒక అమ్మాయిని వేశారు. వయసు చిన్నదే గానీ ఓపిక పెద్దది. ఎఫ్‌ఐఆర్ మొత్తం పిన్నికి తెలుగులో చదివి వినిపించి, "ఇందులో ఏదన్నా మీరు చెప్పనిది ఉందా పెద్దమ్మా?" అని అడిగింది. కేసు పెట్టిన ఇన్నాళ్ళకి ఆ ప్రశ్న అడిగిన మొదటి మనిషి ఆమే.

ఇక అసలు రోజు. జాతీయ లోక్ అదాలత్ ఏడాదికి నాలుగుసార్లు జరుగుతుంది, సాధారణంగా శనివారం. గేటు దగ్గర "రాజీ మార్గమే రాజమార్గం" అని బ్యానరు. లోపల హాళ్ళల్లో, వరండాల్లో బెంచీలు. ఒక్కో బెంచిలో ఒక జడ్జి గానీ రిటైరైన జడ్జి గానీ, పక్కన ఒక ప్లీడరు, ఒక సామాజిక కార్యకర్త. బోనుల్లేవు, బంట్రోతు కేక కూడా రోజూ ఉన్నంత గట్టిగా లేదు. ఫీజు పైసా లేదు. ఇది నిజం, మా దగ్గర ఎవరూ ఒక్క రూపాయి అడగలేదు.

సౌకర్యాల సంగతి వేరు. మేం పోయిన చోట జనం కిక్కిరిసి ఉన్నారు. కూర్చోడానికి కుర్చీల్లేక ముసలివాళ్ళు మెట్ల మీద కూర్చున్నారు. ఆడవాళ్ళ మరుగుదొడ్డికి తాళం. ఏ బెంచి ముందు ఏ కేసు వస్తుందో రాసిన కాగితం ఒక్క తలుపుకే అంటించారు, అదీ ఇంగ్లీషులో. పొద్దున్నే వచ్చినవాళ్ళం మధ్యాహ్నం భోజనాలప్పుడు గానీ మా నెంబరు వినలేదు. చంటిపిల్లలతో వచ్చేవాళ్ళు తినడానికి, తాగడానికి అన్నీ ఇంటి నుంచే తెచ్చుకోవడం మంచిది.

మా బెంచి మీద ఉన్నది ఒక జడ్జి మేడం. ఫైలు తిప్పి, రాజీ మెమో చదివి, తలెత్తి, "ఫిర్యాదుదారు ఎవరు?" అన్నారు. బాబాయి ముందుకొచ్చాడు. "మీరు కాదు. చెయ్యి వాచినావిడ." పిన్ని లేచింది. మేడం అందరినీ, బాబాయితో సహా, వరండాలోకి పొమ్మన్నారు. పిన్ని, ఆమె ప్లీడరు అమ్మాయి, బెంచి వాళ్ళు మాత్రం ఉన్నారు. తలుపు తీసే ఉంది. నేను గుమ్మం పక్కనే ఉన్నాను కాబట్టి నాకు వినపడింది.

"అమ్మా, మీకు ఇష్టమయ్యే రాజీ పడుతున్నారా? ఎవరన్నా బలవంతం పెట్టారా?"

పిన్ని కాసేపు మాట్లాడలేదు. మేడం తొందర పెట్టలేదు. బయట అన్ని కేసులు ఎదురుచూస్తున్నా ఆవిడ పెన్ను కింద పెట్టి కూర్చున్నారు.

"ఇష్టమేనండీ. కాకపోతే నన్ను తొయ్యలేదని మటుకు రాయొద్దు. తోశారు. నెల రోజులు కాయ కొయ్యలేకపోయా. ఆ యాభై వేలు నేనడగలేదు, నాకొద్దు. బోదిలో మా వంతు ఎప్పుడో కాగితం మీద రాయించండి. బావగారిని ఒక్క మాట అనమనండి."

మేడం అందరినీ లోపలికి పిలిచారు. ఆమె అన్నది ఉన్నదున్నట్టు చెప్పారు. మా నాన్న ఆ ఊళ్ళో పెద్దరికంగా బతికిన మనిషి. తలకి చుట్టుకున్న తువ్వాలు తీసి చేతిలో పట్టుకున్నాడు. "తొయ్యకూడదమ్మా. తప్పు నాది. ఇంకెప్పుడూ జరగదు" అన్నాడు. పిన్ని తలూపింది. అంతే, ఏడుపులు, కౌగిలింతలు ఏమీ లేవు. మేడం డబ్బు సంగతి కొట్టేయించి, వంతు సంగతి రాయించి, రాసినదంతా తెలుగులో చదివి వినిపించి అప్పుడు వేలిముద్రలు వేయించారు.

నేను ఇచ్చిన నాలుగు మార్కుల్లో మూడు ఆ పావుగంటకే. అందరినీ బయటికి పంపి బాధితురాలిని ఒంటరిగా అడగడం అన్నది లేకపోతే, అక్కడ అయ్యేది అరుగు మీద అయిన పంచాయితీకి కోర్టు ముద్ర వెయ్యడమే. మిగతా బెంచీల దగ్గర నేను గమనించాను. కొన్నిచోట్ల బాగా అడుగుతున్నారు. కొన్నిచోట్ల "రాజీయేనా? సంతకం పెట్టండి" అని కాగితం జరుపుతున్నారు. ఒకామె పక్కన ఆమె అత్త నిలబడి భుజం మీద చెయ్యి వేసి ఉంది. ఆమె తల ఎత్తకుండానే సంతకం పెట్టింది. ఆ చెయ్యి తియ్యమని ఎవరన్నా అంటే బాగుండేది. మర్నాడు పేపర్లో ఇన్ని వేల కేసులు పరిష్కారం అని వస్తుంది. తాగి బండి నడిపి జరిమానా కట్టినవాళ్ళ కేసులు కూడా ఆ అంకెలోనే ఉంటాయి. అంకె పెద్దదవ్వాలన్న తొందర కింద దాకా పాకుతుంది. మాకూ లోక్ అదాలత్ ముందు వారం స్టేషన్ నుంచి ఫోన్లు వచ్చాయి, రాజీ అయిపోండి, అయిపోండి అని. అడగడం తప్పు కాదు. ఫోన్ చేసిన గొంతులో ఉన్నది అడగడం కాదు, పురమాయింపు. ఆ ఒక్క మార్కు తగ్గించింది ఇందుకే.

వంతు గురించి ఒక పనికొచ్చే విషయం. క్రిమినల్ కేసు రాజీలో ఆ షరతు రాసుకున్నా, రేపు ఎవరన్నా తప్పితే దాన్ని అమలు చేయించుకోవడం కష్టమని ప్లీడరు అమ్మాయి చెప్పింది. అందుకని కోర్టుకెక్కని తగాదాగా, అంటే ప్రీలిటిగేషన్ కేసుగా, దాన్ని విడిగా పెట్టించి అదే రోజు వేరే అవార్డు, అంటే లోక్ అదాలత్ ఉత్తర్వు, తీయించింది. లోక్ అదాలత్ అవార్డుకి సివిల్ కోర్టు డిక్రీతో సమానమైన విలువ ఉంటుంది, దాని మీద అప్పీలు ఉండదు. ఇప్పుడు బోది మీద నీళ్ళొస్తే ఏ రాత్రి ఎవరిదో కాలవ నీళ్ళు వదిలే లస్కరుని అడగక్కర్లేదు, కాగితం ఉంది. మీది పొలం గట్టు, దారి, నీళ్ళ తగాదాతో పుట్టిన కొట్లాట అయితే ఈ పని తప్పక చేయించుకోండి. కొట్లాట ముగిసి తగాదా మిగిలితే మళ్ళీ కొట్లాటే వస్తుంది.

ఇంతవరకూ ఒక కేసు. రెండోది, తమ్ముడి తల మీద పార దెబ్బ కేసు, అక్కడ ముట్టుకోలేదు. ఆయుధంతో కొడితే 324. ఒకప్పుడు అది కూడా కోర్టు అనుమతితో రాజీ పడగలిగిన నేరమే. 2009 డిసెంబరు 31 నుంచి అమల్లోకి వచ్చిన సవరణతో దాన్ని పట్టికలోంచి తీసేశారు. రాజీకి వీల్లేని నేరం మీద లోక్ అదాలత్‌కి అధికారం లేదు. మేడం ఆ మాటే చెప్పి ఫైలు పక్కన పెట్టారు. ఒకే రాత్రి, ఒకే మడవ దగ్గర జరిగిన గొడవలో సగం ముగిసి సగం మిగిలింది. గుమాస్తా మళ్ళీ వచ్చాడు పాత కిటుకుతోనే. ఈసారి కాదన్నది తమ్ముడు. "పిన్ని అబద్ధం చెప్పకుండా బయటపడింది, నేనెందుకు చెప్పాలి" అన్నాడు.

అప్పుడు మిగిలిన దారి నేలపాడులోని హైకోర్టు. పట్టికలో లేని నేరమైనా, అది ఇద్దరు మనుషుల మధ్య సొంత గొడవ అయితే, నిజంగా రాజీ కుదిరితే, హైకోర్టు తనకున్న సహజ అధికారంతో కేసు కొట్టేయొచ్చు. సీఆర్‌పీసీలో అది 482, ఇప్పుడు బీఎన్‌ఎస్‌ఎస్ 528. ఈ దారిని సుప్రీంకోర్టు 2012లో జ్ఞాన్ సింగ్ కేసులో ముగ్గురు జడ్జిల తీర్పుతో ఖాయం చేసింది. భార్యాభర్తల కేసుల్లో అంతకుముందే, 2003లో బి.ఎస్. జోషి కేసులో, ఇదే మాట అంది. 2014లో నరీందర్ సింగ్ కేసులో హత్యాయత్నం సెక్షన్ పెట్టిన కేసులకి కూడా కొలతలు చెప్పింది. గాయం ఎక్కడ తగిలింది, ఏ ఆయుధం, ఎంత లోతు, కేసు ఏ దశలో ఉంది, ఇవన్నీ చూసి తేల్చమంది.

పిటిషను వేసేది ముద్దాయి. అందులో మొదటి ప్రతివాది రాష్ట్ర ప్రభుత్వం, రెండో ప్రతివాది మా తమ్ముడు. కొట్టినవాడు వేసిన పిటిషన్లో దెబ్బ తిన్నవాడు ప్రతివాది! మొదట చదివినప్పుడు తమ్ముడికి కోపం వచ్చింది, ప్లీడరు గారు అది కాగితాల పద్ధతని నచ్చజెప్పారు. తమ్ముడు తన ఇష్టంతోనే రాజీ పడుతున్నానని అఫిడవిట్ ఇచ్చాడు, ఆధార్ కార్డుతో హాజరయ్యాడు, అడిగితే అదే చెప్పాడు. కేసు కొట్టేశారు. తలకి కుట్లు పడ్డది నిజమే, కొట్టినవాడు వరసకి తమ్ముడే, ఇక వద్దు. చెప్పింది ఇంతే.

కానీ ఖర్చు? లోక్ అదాలత్‌లో పైసా ఖర్చు కాని పనికి ఇక్కడ ప్లీడరు ఫీజులు, టైపింగు, ప్రయాణాలు కలిపి ఎకరం మిరపకి ఏడాదంతా కొట్టే మందుల ఖర్చంత అయింది. రెండు కుటుంబాలూ పంచుకున్నాయి కాబట్టి సరిపోయింది. ఇది లోక్ అదాలత్ తప్పు కాదు, దాని మీద మార్కులు కొయ్యను. చట్టం చేసినవాళ్ళకి చెప్పాల్సిన మాట. పల్లెల్లో గొడవ జరిగితే చేతిలో ఉండేది పారో, కర్రో, కొడవలో. చాలా కొట్లాటలు అక్కడికక్కడే 324లోకి పోతాయి. నిజం చెప్పి రాజీ పడాలంటే హైకోర్టు దాకా పోవాలి, అబద్ధం చెప్తే పక్క వీధిలో మెజిస్ట్రేటు కోర్టులోనే పనైపోతుంది. ఇట్టా ఉంటే పేదవాడు ఏ దారి పడతాడు? మెజిస్ట్రేటు గారు గాయం చూసి, మనుషుల్ని విడివిడిగా అడిగి అనుమతిచ్చే వీలు 324కి మళ్ళీ ఉండాలి. అప్పటి పట్టిక నయం.

అంతా రాజీకి తగిందే అని నేను అనడం లేదు. అంగన్‌వాడీలో తల్లులు నన్ను అడుగుతుంటారు కాబట్టి గట్టిగా చెప్తున్నా: చిన్నపిల్లల మీద, ఆడపిల్లల మీద అఘాయిత్యాల కేసుల్లో పెద్దమనుషుల రాజీ చెల్లదు. రాజస్థాన్‌లో ఓ టీచరు మీద విద్యార్థిని విషయంలో పెట్టిన పోక్సో (పిల్లల మీద లైంగిక నేరాల చట్టం) కేసుని, బాలిక తండ్రితో రాజీ కుదిరిందని అక్కడి హైకోర్టు కొట్టేస్తే, 2024 నవంబరులో సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వుని రద్దు చేసి కేసు మళ్ళీ నడపమంది. జ్ఞాన్ సింగ్ తీర్పులోనే హత్య, అత్యాచారం, దోపిడీ లాంటివి ఈ దారిలోకి రావని ఉంది. అవి ఇద్దరి మధ్య గొడవలు కావు. ఎవరన్నా మీ ఇంటికొచ్చి అట్టాంటి కేసులో డబ్బు మాట ఎత్తితే 15100కి ఫోన్ చెయ్యండి.

భర్త, అత్తమామల వేధింపు కేసుల గురించి కూడా అడుగుతారు. 498ఏ దేశంలో చాలాచోట్ల రాజీకి వీల్లేని సెక్షన్. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2003లో చట్టం సవరించి కోర్టు అనుమతితో రాజీ పడేట్టు చేశారు. ఆ సవరణలో ఒక మంచి షరతు పెట్టారు: రాజీ అర్జీ పెట్టాక కనీసం మూడు నెలలు ఆగాలి, ఈలోపు ఎవరూ మనసు మార్చుకోకపోతేనే కోర్టు ఒప్పుకోవాలి. ఆ మూడు నెలలు ఆడపిల్లకి ఎంత విలువైనవో నేను మా కేంద్రానికొచ్చే తల్లుల దగ్గర చూశాను. అర్జీ రోజున బాగా మాట్లాడిన మొగుడు రెండో నెలలో ఎట్టా ఉంటాడో తెలుస్తుంది. అప్పుడు ఆమె వద్దనుకోవచ్చు. ఆ జాగ్రత్త మిగతా సెక్షన్లకి కూడా, కనీసం ఆడవాళ్ళు ఫిర్యాదుదారులైన వాటికి, పెడితే బాగుంటుంది. 2024 జులై తర్వాతి కొత్త చట్టం కింద పెట్టిన కేసు అయితే మాత్రం ఏ దారి ఉందో ప్లీడర్ని అడిగే ముందుకు పోండి.

ఉద్యోగాల సంగతి కూడా చెప్పాలి, కుర్రాళ్ళున్న ఇళ్ళల్లో ఇదే పెద్ద భయం. బాబాయి కొడుకు కానిస్టేబులు పరీక్షలకి చదువుతున్నాడు. కేసు కొట్టేశారు కదా, ఇక ఫారంలో రాయక్కర్లేదనుకున్నాడు. ప్లీడరు గారు ఆపారు. దాచితే ఉద్యోగం వచ్చాక కూడా తీసేసే ప్రమాదం ఉంది. 2016లో అవతార్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది అదే: అడిగినప్పుడు ఉన్నది ఉన్నట్టు రాయాలి, తర్వాత ఆ కేసు ఎంతటిదో చూసుకోవడం ఉద్యోగమిచ్చేవాళ్ళ పని. రాజీతో విడుదలైనంత మాత్రాన పోలీసు ఉద్యోగం తప్పక ఇవ్వాలని కూడా లేదు, 2013లో మెహర్ సింగ్ కేసులో ఆ మాట అన్నారు. రాజీ జైలు భయం పోగొడుతుంది గానీ జరిగినదాన్ని తుడిచెయ్యదు. మా వాడు ఫారంలో అంతా రాశాడు, హైకోర్టు ఉత్తర్వు కాపీ జత చేశాడు.

పోయేవాళ్ళకి కొన్ని మాటలు. రాజీ మెమో ఇంగ్లీషులో టైపు చేసి ఉంటే తెలుగులో చదివి వినిపించేదాకా వేలిముద్ర వెయ్యకండి, అడిగితే చదువుతారు. గాయపడ్డ మనిషి స్వయంగా రావాలి, ఆయన బదులు అన్న వస్తే కుదరదు. ఆధార్ ఒరిజినల్ పట్టుకుపోండి. కేసులో ముద్దాయిలు నలుగురుంటే నలుగురూ వచ్చారో లేదో పొద్దున్నే చూసుకోండి, ఒక్కడు ఊళ్ళో లేక మా ముందు కేసు వాళ్ళది ఆగిపోయింది. అవార్డు కాపీ ఉచితంగా ఇస్తారు, ఆ రోజు చేతికి రాకపోతే తర్వాత పోయి అడిగి తీసుకోండి. అది ఒక జిరాక్స్ తీసి స్టేషన్లో ఇచ్చి, తీసుకున్నట్టు సంతకం పెట్టించుకోండి. మేం అది చెయ్యలేదు, ఎన్నికలప్పుడు పాత కేసుల జాబితాలో పేరుందని, గొడవ చెయ్యనని పూచీకత్తు రాయించుకోడానికి నాన్నని బైండోవర్‌కి పిలిచారు. కాపీ చూపించాక ఆ జాబితాలోంచి పేరు తీసేశారు.